ప్లాటు, భూమి చీటింగ్ కేసులో మీ పేరు వచ్చిందా? ముందస్తు బెయిల్ కోసం ఏం చేయాలి

ప్లాటు అమ్మారు, బయానా తీసుకున్నారు, లేదంటే అన్నదమ్ముల పంపకంలో ఒక సంతకం పెట్టారు. రెండేళ్లకో ఐదేళ్లకో స్టేషన్ నుంచి ఫోన్ వస్తుంది, "మీ మీద చీటింగ్ కంప్లయింట్ ఉంది, ఒకసారి వచ్చి కలవండి" అని. చాలామంది ఇక్కడే తప్పటడుగు వేస్తారు. కొందరు ఫోన్ స్విచ్ఛాఫ్ చేసి ఊరు వదిలి వెళ్లిపోతారు, కొందరు తెలిసిన పెద్దమనిషిని వెంటబెట్టుకుని స్టేషన్‌కి వెళ్లి అక్కడ రాయమన్న కాగితం మీద సంతకం పెట్టి వస్తారు. ఈ రెండూ రేపు బెయిల్ పిటిషన్‌కి అడ్డం వచ్చేవే. భూమి కేసుల్లో ముందస్తు బెయిల్ చాలావరకు తేలేది కాగితాల మీద, వాటి మీదున్న తేదీల మీద, మీరు ఎంత తొందరగా, ఎంత నిజాయితీగా కోర్టు ముందుకు వెళ్లారన్న దాని మీద.

ముందు చట్టం సంగతి కొంచెం. నాన్‌బెయిలబుల్ కేసులో తనను అరెస్ట్ చేస్తారని నమ్మడానికి సరైన కారణం ఉన్న ఎవరైనా సెషన్స్ కోర్టుకో హైకోర్టుకో వెళ్లి, ఒకవేళ అరెస్ట్ చేస్తే బెయిల్ మీద విడిచిపెట్టాలి అనే ఆర్డర్ అడగవచ్చు. క్రిమినల్ కేసులు నడిపే పద్ధతి చెప్పే పాత చట్టం సీఆర్‌పీసీలో ఇది 438 సెక్షన్. 2024 జూలై 1 నుంచి, దాని స్థానంలో వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్‌లో 482 అయింది. ఇక్కడ కాస్త జాగ్రత్త, ఎందుకంటే పాత చట్టంలో 482 అంటే కేసు కొట్టేయమని హైకోర్టుని అడిగే క్వాష్ పిటిషన్, ఇప్పుడు అది 528కి మారింది. పాత తీర్పులు చదివేటప్పుడు ఈ నంబర్లు కలిసిపోయి గందరగోళం అవుతుంది. ఇంకోటి, లావాదేవీ 2024 జూలైకి ముందు జరిగి ఉంటే ఎఫ్‌ఐఆర్‌లో నేరాలూ శిక్షలూ చెప్పే పాత ఐపీసీ సెక్షన్లే, అంటే 420, 406, 467 లాంటివే కనిపిస్తాయి, కానీ ఇప్పుడు వేసే బెయిల్ పిటిషన్ మాత్రం బీఎన్‌ఎస్‌ఎస్ 482 కిందే వేయాలి. భూమి గొడవలు ఏళ్ల తరబడి నానిన తర్వాత కేసులవుతాయి కాబట్టి ఈ రెండు చట్టాల కలగలుపు ఈ కేసుల్లో బాగా ఎక్కువ.

ఎఫ్‌ఐఆర్ కట్టకముందు కూడా పిటిషన్ వేయవచ్చు. 1980లో గుర్‌బక్ష్ సింగ్ సిబ్బియా కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనమే ఆ మాట చెప్పింది. అయితే ఊరికే భయంగా ఉంది అంటే చాలదు, ఆ భయానికి ఆధారం చూపించాలి. అవతలివాళ్లు పంపిన లాయర్ నోటీసు, స్టేషన్‌లో ఇచ్చిన కంప్లయింట్ కాపీ, మిమ్మల్ని పిలిచిన కాల్స్ వివరాలు, మెజిస్ట్రేట్ కోర్టులో వేసిన ప్రైవేట్ కంప్లయింట్ నంబర్, ఇలాంటివి. "నా మీద ఎవరు ఏ కేసు పెట్టినా అరెస్ట్ చేయొద్దు" అని అడిగితే ఏ కోర్టూ ఇవ్వదు.

ఎఫ్‌ఐఆర్ చేతికి వచ్చాక మొదట చూడాల్సింది

ఎఫ్‌ఐఆర్ కాపీ కోసం ఎవరి కాళ్లావేళ్లా పడక్కర్లేదు. సున్నితమైన కేసులు తప్ప మిగతావన్నీ 24 గంటల్లోగా వెబ్‌సైట్‌లో పెట్టాలని 2016లో యూత్ బార్ అసోసియేషన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పోలీసుల వెబ్‌సైట్‌లో జిల్లా, స్టేషన్, సంవత్సరం పెట్టి వెతకండి. కాపీ దొరకగానే కథంతా తర్వాత చదవొచ్చు, ముందు సెక్షన్ల వరస చూడండి. మీ పిటిషన్ ఎలా వేయాలన్నది అక్కడే సగం తేలిపోతుంది.

మోసానికి బీఎన్‌ఎస్ (ఐపీసీ స్థానంలో వచ్చిన కొత్త చట్టం) 318(4), పాత 420, శిక్ష 7 ఏళ్ల దాకా. నమ్మకద్రోహానికి 316(2), 5 ఏళ్ల దాకా. మోసం కోసం దొంగ పత్రం సృష్టిస్తే 336(3), అదీ 7 ఏళ్ల దాకానే. ఇవి మాత్రమే ఉంటే మీ పరిస్థితి అంత గడ్డుగా లేనట్టే, ఎందుకంటే 7 ఏళ్ల వరకు శిక్ష పడే నేరాల్లో పోలీసులు యాంత్రికంగా అరెస్ట్ చేయకూడదని, అరెస్ట్ అవసరం లేదనుకుంటే నోటీసు ఇచ్చి పిలవాలని 2014లో అర్నేష్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది. పాత 41ఎ నోటీసు ఇప్పుడు బీఎన్‌ఎస్‌ఎస్ 35(3) నోటీసు. 2022లో సతేందర్ కుమార్ అంటిల్ కేసులో ఈ పద్ధతి పాటించకుండా అరెస్ట్ చేస్తే నిందితుడికి బెయిల్ హక్కు వస్తుందని కూడా చెప్పింది.

కానీ ఆ వరసలో 338, అంటే పాత 467, కనిపిస్తే కథ మారుతుంది. విలువైన పత్రాన్ని, వీలునామాని ఫోర్జరీ చేయడం అది, యావజ్జీవం దాకా శిక్ష ఉంది, కాబట్టి 7 ఏళ్ల రక్షణ దీనికి వర్తించదు. అలాగే 316(5), ఏజెంటుగానో బ్యాంకరుగానో వ్యాపారిగానో నమ్మి అప్పగించిన ఆస్తిని కాజేశారన్న సెక్షన్, అదీ యావజ్జీవం దాకా వెళ్తుంది. రిజిస్టర్డ్ డాక్యుమెంట్ ఉన్న ప్రతి గొడవలోనూ అలవాటుగా 467 రాసేయడం మామూలైపోయింది, అందుకే ఆ సెక్షన్ నిజంగా వర్తిస్తుందా అని అడగడం మీ లాయర్ చేయాల్సిన మొదటి పని.

ఇక్కడ 2009 నాటి మహమ్మద్ ఇబ్రహీం వర్సెస్ బీహార్ తీర్పు ప్రతి భూమి కేసులోనూ చదవాల్సింది. తనది కాని భూమిని తనదే అని చెప్పుకుని ఒకాయన తన సొంత పేరుతో సేల్ డీడ్ రాసిచ్చాడు. అసలు యజమానిని అని చెప్పుకున్న వ్యక్తి ఫోర్జరీ కేసు పెట్టాడు. సుప్రీంకోర్టు ఏమందంటే, అతను వేరొకరిలా నటించలేదు, వేరొకరు అధికారం ఇచ్చారని చెప్పలేదు, తనదే అన్నాడు, ఆ మాట అబద్ధమైనా సరే చట్టం దృష్టిలో అది దొంగ పత్రం సృష్టించడం కిందికి రాదు. మోసపోయానని చెప్పాల్సింది కొనుక్కున్నవాడు, పక్కనున్న యజమాని కాదు. మీ కేసు ఈ కోవలోదైతే 338 సెక్షన్ నిలబడదని పిటిషన్‌లో మొదటి పేజీలోనే రాయించండి. అదే, అసలు యజమాని స్థానంలో వేరే మనిషిని కూర్చోబెట్టి రిజిస్ట్రేషన్ చేయించారనో, చనిపోయినవాళ్ల సంతకం పెట్టారనో, లింకు డాక్యుమెంట్ (ముందటి యజమానుల పత్రం) దొంగదనో ఆరోపణ ఉంటే ఈ తీర్పు మీకు ఉపయోగపడదు, దాన్ని బలవంతంగా అతికించవద్దు.

ఇంకో మూడు చట్టాల పేర్లు వెతకండి. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం ఉంటే 18, 18ఎ సెక్షన్ల కింద ముందస్తు బెయిల్‌కి నిషేధం ఉంది. ప్రాథమికంగా చూస్తేనే ఆ నేరం కనిపించడం లేదు అన్నప్పుడు మాత్రం కోర్టు ఇవ్వగలదు. భూమి గొడవ కేవలం భూమి గొడవే అయితే, అవతలి వ్యక్తి ఎస్సీ లేదా ఎస్టీ అయినంత మాత్రాన ఆ చట్టంలోని దూషణ, అవమానం సెక్షన్లు రావని 2020లో హితేష్ వర్మ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది, అదీ ఒక భూమి తగాదాలోనే. రెండోది ప్రీలాంచ్ వెంచర్ల కేసుల్లో కనిపించే 1999 నాటి డిపాజిటర్ల రక్షణ చట్టం. అది పడిందంటే బాధితులు వందల్లో ఉన్నారని, కోర్టు చాలా కఠినంగా చూస్తుందని అర్థం. మూడోది ఈడీ కేసు. మనీలాండరింగ్ చట్టంలో 45 సెక్షన్ జంట షరతులు (నేరం చేయలేదని, బెయిల్ మీద ఉండగా నేరం చేయడని కోర్టుకి నమ్మకం కలగాలి) ముందస్తు బెయిల్‌కీ వర్తిస్తాయి, చీటింగ్ కేసు ఆ చట్టం షెడ్యూల్‌లో ఉంది కాబట్టి పెద్ద మొత్తాల వ్యవహారమైతే దీన్ని కూడా మనసులో పెట్టుకోవాలి.

తేదీల పట్టిక

నన్నడిగితే లాయర్ ఆఫీసుకి వెళ్లేముందు మీరు చేయగలిగిన అన్నిటికంటే విలువైన పని ఇదే. ఒక తెల్లకాగితం తీసుకుని మొదటి రోజు నుంచి ఏం జరిగిందో తేదీ వారీగా రాయండి. ఎవరు పరిచయం చేశారు, ఏ తేదీన మాట అయింది, బయానా ఎంత, నగదా బ్యాంకా, అగ్రిమెంట్ ఎప్పుడు రాసుకున్నారు, మిగతా డబ్బు ఎప్పటిలోగా ఇవ్వాలి, నిజంగా ఎప్పుడు ఇచ్చారు, గొడవ ఏ రోజు మొదలైంది, లాయర్ నోటీసులు ఎటు నుంచి ఎటు వెళ్లాయి, సివిల్ కేసు ఉందా, ఉంటే నంబరు, కంప్లయింట్ ఏ తేదీన ఇచ్చారు. ప్రతి తేదీ పక్కన దానికి ఉన్న కాగితం పేరు. కాగితం లేకపోతే లేదు అని రాయండి, దాచొద్దు, ఎందుకంటే అవతలివాళ్లు అదే చోట పట్టుకుంటారు.

ఇంత శ్రమ ఎందుకంటే, చీటింగ్ అనే నేరానికి గుండెకాయ మొదటిరోజు ఉద్దేశమే. డబ్బు తీసుకునేటప్పుడే మోసం చేయాలనే ఆలోచన ఉండాలి. తర్వాత మాట తప్పితే అది ఒప్పంద ఉల్లంఘన అవుతుంది, సివిల్ కోర్టు తేల్చాలి. 2000లో హృదయ రంజన్ ప్రసాద్ వర్మ కేసులో, అదీ భూమి అమ్మకం వ్యవహారమే, సుప్రీంకోర్టు ఈ తేడాని స్పష్టంగా చెప్పింది. సివిల్ తగాదాలకి క్రిమినల్ రంగు పూసి అవతలివాళ్ల మీద ఒత్తిడి తేవడం పెరిగిపోతోందని 2006లో ఇండియన్ ఆయిల్ వర్సెస్ ఎన్‌ఈపీసీ కేసులోనూ బాధపడింది. కానీ జడ్జి ముందు ఈ తీర్పుల పేర్లు చదివితే సరిపోదు. మొదటిరోజు మీకు మోసం చేసే ఉద్దేశం లేదని చూపించే పని మీ కాగితాలు చేయాలి. అగ్రిమెంట్‌లోనే "ఈ సర్వే నంబర్ మీద ఫలానా కోర్టులో కేసు ఉంది" అని రాసి ఉంటే అదొక బలమైన ఆధారం. బయానా తీసుకున్న తర్వాత మీరు సర్వేకి దరఖాస్తు పెట్టుకున్నారు, నాలా కన్వర్షన్‌కి (వ్యవసాయ భూమిని వేరే అవసరాలకి మార్చడానికి) డబ్బు కట్టారు, బ్యాంకు లోను తీర్చి డాక్యుమెంట్లు విడిపించారు, కొంత డబ్బు బ్యాంకు ద్వారా వెనక్కి ఇచ్చారు, ఇలాంటివి ఒక్కొక్కటీ మీరు ఒప్పందం నెరవేర్చాలనే చూశారని చెబుతాయి. నిషేధిత జాబితాలో, అంటే 22ఎలో, ఆ సర్వే నంబర్ మీరు అమ్మిన తర్వాత చేరి ఉంటే ఆ తేదీ మీకు ప్రాణంతో సమానం.

కాగితాల్లో ఇవి తప్పకుండా ఉండాలి. మీకు ఆస్తి ఎలా వచ్చిందో చెప్పే డాక్యుమెంట్, లింకు డాక్యుమెంట్లు, ఈసీ (ఆస్తి మీద జరిగిన రిజిస్ట్రేషన్ల జాబితా), వ్యవసాయ భూమి అయితే పాసుపుస్తకం, పహాణీలు, 1బి, పౌతి లేదా విరాసత్ ప్రొసీడింగ్స్, అగ్రిమెంట్, జీపీఏ (మరొకరి తరఫున వ్యవహరించే అధికారపత్రం), బ్యాంకు స్టేట్‌మెంట్, వాట్సాప్ సంభాషణలు. వాట్సాప్‌లో మీకు పనికొచ్చే నాలుగు మెసేజ్‌లు స్క్రీన్‌షాట్ తీసి మిగతాది డిలీట్ చేయొద్దు. సాక్ష్యం చెరిపేశారన్న మాట ఒక్కటి చాలు బెయిల్ పోవడానికి. రిజిస్టర్డ్ పత్రాలకి సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసు నుంచి సర్టిఫైడ్ కాపీలు తీసుకుని ఉంచండి, ఒరిజినల్స్ ఎవరి చేతికీ రసీదు లేకుండా ఇవ్వొద్దు.

ఒకే ప్లాటు ఇద్దరికి అమ్మి ఉంటే, లేదా పార్కు స్థలమనో ప్రభుత్వ భూమి అనో ముందే తెలిసి అమ్మి ఉంటే, ఈసీలో తేదీలు చూస్తేనే జడ్జికి అర్థమైపోతుంది. అలాంటప్పుడు "ఇది సివిల్ మేటర్" అనే వాదన పట్టుకుని వేలాడితే మిగతా మాటల మీద కూడా నమ్మకం పోతుంది. డబ్బు పోగొట్టుకున్న కుటుంబాలు ఎంత నలిగిపోతాయో తెలిసే ఈ మాట అంటున్నాను. అక్కడ చేయాల్సింది బాధితుడి డబ్బు తిరిగి ఇవ్వడం, లాయర్‌తో నిజం పూర్తిగా చెప్పి రెగ్యులర్ బెయిల్ (అరెస్ట్ అయ్యాక అడిగేది) దారి కూడా ఆలోచించుకోవడం.

పిటిషన్‌లో ఏం ఉండాలి

ముందు ఏ కోర్టు? చట్టం ప్రకారం సెషన్స్ కోర్టుకి, హైకోర్టుకి ఇద్దరికీ అధికారం ఉంది. ఆచరణలో ముందు సెషన్స్‌కి వెళ్లడమే మంచిది, అక్కడ కాకపోతే హైకోర్టు ఇంకా మిగిలి ఉంటుంది. కేసు కట్టిన స్టేషన్ ఏ సెషన్స్ డివిజన్ కిందకి వస్తుందో అక్కడే వేయాలి. మీరు ఉండేది బెంగళూరులో, కేసు గుంటూరులో అయితే, గుంటూరు వెళ్లేలోపు అరెస్ట్ కాకుండా మీరున్న చోటి కోర్టులో కొద్దిరోజుల ట్రాన్సిట్ రక్షణ అడగవచ్చు. 2023 నవంబర్‌లో ప్రియా ఇండోరియా కేసులో సుప్రీంకోర్టు దీనికి దారి ఇచ్చింది, అయితే మీరు నిజంగా అక్కడ ఉంటున్నారని చూపించాలి.

పిటిషన్ వేయగానే పీపీకి (ప్రభుత్వం తరఫు లాయర్‌కి) నోటీసు వెళ్తుంది, పోలీసులు కౌంటరో (రాతపూర్వక జవాబో) సీడీ ఫైలో (దర్యాప్తు డైరీయో) తెస్తారు, దానికి రెండు మూడు వాయిదాలు పట్టవచ్చు. పిటిషన్ పెండింగ్‌లో ఉంది కదా అని ధీమాగా ఉండకండి. కోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇస్తే తప్ప ఈ మధ్యలో అరెస్ట్ చేయడానికి పోలీసులకి అడ్డేమీ లేదు. కాబట్టి మొదటిరోజే, విచారణ తేలేదాకా అరెస్ట్ చేయవద్దని మధ్యంతర రక్షణ అడగమని లాయర్‌కి గట్టిగా చెప్పండి.

ఇప్పుడు అసలు వాదన. భూమి కేసుల్లో పీపీ దాదాపు ఎప్పుడూ చెప్పే మాట, "కస్టడీలో విచారించాలి" అని. ఎందుకో అడిగితే ఒరిజినల్ డాక్యుమెంట్లు రాబట్టాలి, సంతకాల నమూనాలు తీసుకోవాలి, డబ్బు ఎటు వెళ్లిందో తేల్చాలి, మిగతా నిందితులెవరో తెలియాలి, సాక్షుల్ని బెదిరిస్తాడు అంటారు. మీ పిటిషన్ ఇవన్నీ ముందే ఊహించి ఒక్కోదానికి సమాధానం ఇచ్చేలా ఉండాలి. రిజిస్టర్డ్ పత్రాల రికార్డు సబ్‌రిజిస్ట్రార్ దగ్గరే ఉంది, మా దగ్గరున్న ఒరిజినల్స్ పంచనామా కింద అప్పగించడానికి సిద్ధం. సంతకాల నమూనాలు ఇస్తాం, బీఎన్‌ఎస్‌ఎస్ 349 కింద మెజిస్ట్రేట్ ఆదేశించవచ్చు కూడా, అరెస్ట్ అవసరం లేకుండానే. డబ్బు బ్యాంకు ద్వారా వచ్చింది, స్టేట్‌మెంట్ ఇదిగో. సాక్షులు డాక్యుమెంట్ రైటర్, రిజిస్ట్రేషన్ సాక్షులు, అందరి పేర్లూ పత్రాల మీదే ఉన్నాయి. ఇలా ఒక్కో పేరా రాస్తే, ఈ మనిషిని లాకప్‌లో పెట్టి కొత్తగా రాబట్టేదేంటి అన్న ప్రశ్న జడ్జికి దానంతట అదే వస్తుంది. "పిటిషనర్ నిరపరాధి, తప్పుడు కేసు" అని ఇరవై పేజీలు రాసినా రాని ఫలితం ఈ రెండు పేజీలతో వస్తుంది.

మీ మీద వేరే కేసులుంటే అవీ, ఇంతకుముందు వేసిన బెయిల్ పిటిషన్ల వివరాలూ దాచకుండా రాయాలి. 2024లో కుశా దురుకా కేసులో సుప్రీంకోర్టు దీన్ని తప్పనిసరి చేసింది. దాచారని పీపీ చూపించిన క్షణంలో మిగతా వాదన ఎవరూ వినరు.

ఎఫ్‌ఐఆర్‌లో అన్నీ 7 ఏళ్ల లోపు సెక్షన్లే ఉంటే, మన హైకోర్టుల్లో చాలాసార్లు పిటిషన్‌ని "35(3) పద్ధతి పాటించండి" అని పోలీసులకి చెప్పి ముగించేస్తారు. బెయిల్ రాలేదని కంగారు పడొద్దు, అది మీకు అనుకూలమైన ఆర్డరే, కాకపోతే నోటీసు రాగానే తప్పకుండా హాజరు కావాలి.

మీ పాత్ర ఏంటన్నది విడిగా చెప్పించుకోండి. ఒక కుటుంబంలో భూమి అమ్మితే సంతకం పెట్టిన అక్కచెల్లెళ్లు, వృద్ధ తల్లి, రిజిస్ట్రేషన్‌కి సాక్షిగా వెళ్లిన పక్కింటాయన, కమీషన్ తీసుకున్న మధ్యవర్తి, పేరుకి మాత్రమే డైరెక్టరుగా ఉన్న భార్య, అందరినీ ఏ1, ఏ2, ఏ3 అని వరసపెట్టి చేర్చేస్తారు. వీళ్లందరికీ కలిపి ఒకే పిటిషన్ వేస్తే చిన్న పాత్ర ఉన్నవాళ్లు కూడా పెద్ద పాత్ర ఉన్నవాడి నీడలో పడతారు. డబ్బు ఒక్క రూపాయి కూడా తన ఖాతాలోకి రాలేదని బ్యాంకు కాగితంతో చూపించగలిగే ఆడపిల్లకి విడిగా పిటిషన్ వేయడమే న్యాయం. జీపీఏ హోల్డర్ అయితే ఆ జీపీఏ ఎప్పుడు రద్దయింది, రద్దయిన సంగతి ఆయనకి ఎప్పుడు తెలిసింది అన్నదే కీలకం.

డబ్బు డిపాజిట్ చేస్తామని ముందే ఒప్పుకోవాలా? చాలామంది లాయర్లు బెయిల్ తొందరగా వస్తుందని ఈ సలహా ఇస్తారు. నేను ఒప్పుకోను. 2023లో రమేష్ కుమార్ వర్సెస్ ఢిల్లీ ప్రభుత్వం కేసులో, బిల్డర్‌తో ఒప్పందం చేసుకున్న స్థల యజమానికి ముందస్తు బెయిల్ ఇస్తూ హైకోర్టు 22 లక్షలు డిపాజిట్ చేయాలన్న షరతు పెడితే, బెయిల్ అనేది డబ్బు వసూలు ప్రక్రియ కాదని సుప్రీంకోర్టు దాన్ని తీసేసింది. 2025 జూలైలో గజానన్ దత్తాత్రేయ గోరే కేసులో ఇంకా ముందుకెళ్లి, డబ్బు కడతాననే హామీ మీద బెయిల్ ఇవ్వవద్దని, కేసు బలాబలాల మీదే తేల్చాలని కింది కోర్టులకీ హైకోర్టులకీ చెప్పింది. మీరు నిజంగా ఇవ్వాల్సిన డబ్బు ఉంటే, ఇవ్వగలిగితే, ఇచ్చేయండి, అది వేరే సంగతి. కట్టలేని మొత్తానికి కోర్టులో మాట ఇచ్చి తప్పితే మాత్రం ఆ బెయిలూ పోతుంది, తర్వాత మీ మాటకి విలువా ఉండదు.

స్టేషన్‌కి పిలిచినప్పుడు

35(3) నోటీసు చేతికి అందితే వెళ్లాల్సిందే, వెళ్లకపోవడమే అరెస్ట్‌కి కారణం అవుతుంది. ఆ నోటీసు వాట్సాప్‌లో పంపితే చెల్లదని 2025 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది, అయినా వాట్సాప్‌లో వచ్చిందని తెలిసీ తెలియనట్టు ఊరుకోకండి, లాయర్‌తో లిఖితపూర్వకంగా సమాధానం పంపించండి. వెళ్లిన రోజు మీ జవాబు కాగితం మీద రాసుకుని వెళ్లి, ఇచ్చి, కాపీ మీద సంతకం, ముద్ర, తేదీ వేయించుకోండి. ముద్ర వేయకపోతే అదే రోజు స్పీడ్ పోస్టులో ఎస్‌హెచ్‌ఓకి (స్టేషన్ ఇన్‌చార్జి అధికారికి) పంపండి. ఒంట్లో బాగోక వెళ్లలేకపోతే డాక్టర్ సర్టిఫికెట్‌తో గడువు అడగండి. ఈ కాగితాలే రేపు "సహకరించలేదు" అన్న మాటకి సమాధానం.

స్టేషన్‌లో పంచాయితీ పెట్టి కొత్త అగ్రిమెంట్ రాయమంటే, ఖాళీ చెక్కులు ఇవ్వమంటే ఇవ్వకండి. ఆ చెక్కు బౌన్స్ అయితే 138 కేసు ఇంకోటి మెడకి చుట్టుకుంటుంది, ఆ అగ్రిమెంట్‌ని మీరు నేరం ఒప్పుకున్నట్టుగా చూపిస్తారు. రాజీ చేసుకోవాలని ఇద్దరికీ ఉంటే దానికి సరైన చోటు లోక్ అదాలత్. చీటింగ్ సెక్షన్ కోర్టు అనుమతితో రాజీ చేసుకోదగ్గదే. ఫోర్జరీ సెక్షన్లు మాత్రం అలా రాజీ కావు, హైకోర్టుకి వెళ్లి క్వాష్ చేయించుకోవాలి.

విచారణలో అడిగింది చెప్పండి, కానీ నేరం ఒప్పుకోకపోవడం సహకరించకపోవడం కిందికి రాదు. తనకు వ్యతిరేకంగా సాక్ష్యం చెప్పమని ఎవరినీ బలవంతం చేయకూడదని రాజ్యాంగం 20(3) అధికరణం చెబుతోంది.

ఆర్డర్ వచ్చాక, రాకపోతే

బెయిల్ ఆర్డర్ వచ్చిందంటే పని అయిపోలేదు. సాధారణంగా ఇన్ని రోజుల్లోగా ఎస్‌హెచ్‌ఓ ఎదుట హాజరై, ఇంత మొత్తానికి సొంత పూచీకత్తు, ఇద్దరు జామీనుదారులు ఇవ్వాలని ఉంటుంది. ఆ గడువు దాటితే ఆర్డర్ కాగితంగానే మిగులుతుంది, మళ్లీ గడువు పొడిగించమని పిటిషన్ వేయాలి. జామీనుదారుల ఆధార్, ఇంటి పన్ను రసీదు లేదా జీతం సర్టిఫికెట్ ముందే సిద్ధం చేసుకోండి. తర్వాత వారానికోసారి సంతకం పెట్టమంటే పెట్టండి, పెట్టిన ప్రతిసారీ తేదీ మీ డైరీలో రాసుకోండి. దేశం దాటాలంటే కోర్టు అనుమతి కావాలి. ఫిర్యాదుదారుడికి ఫోన్ చేసి బతిమాలినా సరే అది బెదిరించినట్టుగా పిటిషన్‌లో కనిపించవచ్చు, మాట్లాడాల్సింది ఉంటే లాయర్ల ద్వారానే. గొడవలో ఉన్న ఆ ఆస్తిని ఈలోగా ఇంకొకరికి అమ్మడం బెయిల్ రద్దుకి దారితీసే పని.

ఈ బెయిల్ ఎంతకాలం? ప్రత్యేకంగా గడువు పెడితే తప్ప కోర్టులో విచారణ (ట్రయల్) ముగిసేదాకా కొనసాగుతుందని 2020 జనవరిలో సుశీలా అగర్వాల్ కేసులో అయిదుగురు జడ్జిల ధర్మాసనం తేల్చింది. చార్జిషీటు వేశారు కదా అని మళ్లీ లొంగిపోవాల్సిన పని లేదు. దర్యాప్తు మధ్యలో కొత్తగా పెద్ద సెక్షన్ చేర్చితే మాత్రం వెంటనే లాయర్‌ని కలవండి, అప్పుడు అరెస్ట్ చేయాలంటే పోలీసులు కోర్టు ఉత్తర్వు తీసుకోవాలి, మీరు ఆ సెక్షన్‌కి కూడా బెయిల్ అడగాలి. ఒకే వెంచర్ మీద పది మంది పది స్టేషన్లలో కేసులు పెడితే ఒక కేసులో వచ్చిన బెయిల్ మిగతావాటికి పనికిరాదు, ప్రతిదానికీ వేయాలి. ఒకదానిలో జైల్లో ఉండగానే ఇంకోదానిలో ముందస్తు బెయిల్ అడగవచ్చని 2024లో ధన్‌రాజ్ అస్వానీ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

సెషన్స్‌లో కొట్టేస్తే ఆ ఆర్డర్ సర్టిఫైడ్ కాపీ అదే రోజు అప్లై చేసి హైకోర్టుకి వెళ్లండి. జడ్జి ఏ కారణంతో తిరస్కరించారో చదివి, దానికి సమాధానమిచ్చే కాగితం జతచేయాలి, పాత పిటిషన్‌నే పేరు మార్చి వేస్తే ఉపయోగం లేదు. ఈ మధ్యలో పారిపోవద్దు. వారెంట్ వచ్చి, పరారీలో ఉన్నట్టు ప్రకటన వెలువడితే మామూలుగా ముందస్తు బెయిల్ దొరకదని సుప్రీంకోర్టు ఒకటికి రెండుసార్లు చెప్పింది. అరెస్ట్ జరిగితే కారణాలు రాతపూర్వకంగా ఇవ్వమని అడగండి, 24 గంటల్లో మెజిస్ట్రేట్ ముందు పెట్టాలి. రెగ్యులర్ బెయిల్‌కి అదే తేదీల పట్టిక మళ్లీ పనికొస్తుంది. చార్జిషీటు 60 రోజుల్లో రాకపోతే డిఫాల్ట్ బెయిల్ హక్కు వస్తుంది, 338 లాంటి పెద్ద సెక్షన్ ఉంటే అది 90 రోజులు.

మీరు డబ్బు పోగొట్టుకున్నవాళ్లైతే, అవతలివాడి ముందస్తు బెయిల్ పిటిషన్‌లో మీ మాట వినిపించుకోవడానికి మీ లాయర్ ద్వారా కోర్టుని అడగవచ్చు. పీపీ చేతికి మీ రసీదులు, ఈసీ, అదే ప్లాటు రెండోసారి అమ్మిన డాక్యుమెంట్ కాపీ వాయిదాకి ముందే అందించండి, చాలాసార్లు పీపీ దగ్గర ఎఫ్‌ఐఆర్ తప్ప ఇంకేమీ ఉండదు. బెయిల్ వచ్చినంత మాత్రాన మీ కేసు పోయినట్టు కాదు. డబ్బు రికవరీకో, రిజిస్ట్రేషన్ చేయించమనో సివిల్ దావా మాత్రం విడిగా, కాలపరిమితి లోపల వేసుకోవాల్సిందే.

లాయర్ ఫీజు కట్టుకునే స్తోమత లేకపోతే జిల్లా కోర్టు ప్రాంగణంలోనే న్యాయసేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది. మహిళలకి, ఎస్సీ, ఎస్టీలకి ఆదాయంతో సంబంధం లేకుండా, మిగతావాళ్లకి ఆదాయ పరిమితిని బట్టి ఉచితంగా లాయర్‌ని ఇస్తారు. ఫోన్ చేయాలంటే 15100. వెళ్లేటప్పుడు ఎఫ్‌ఐఆర్ కాపీ, ఆధార్, మీరు రాసుకున్న తేదీల కాగితం తీసుకెళ్లండి.